ఆ చేతులు ఎవరివండీ?

మా ఛానల్ నలుగురి కంట్లో పడ్డ కొత్తలో చూసేవాళ్ళు నా గురించి ఒక్క ప్రశ్నా అడగలేదు. కూర ఎలా వండానని అడగలేదు, చీర ఎక్కడ కొన్నానని అడగలేదు, విజయవాడ ఎండలో మొహం మాడిపోకుండా ఏం రాసుకుంటానని అసలే అడగలేదు. అడిగితే చెప్పడానికి అద్దం ముందు నిలబడి ఎన్ని సమాధానాలు సాధన చేశానో నాకే తెలుసు. కింద కామెంట్లలో మాత్రం మళ్ళీ మళ్ళీ అదే మాట కనబడేది: "ఆ చేతులు ఎవరివండీ?"

అవి మా మేనత్త చేతులు. మా నాన్నకు చెల్లెలు. మా పాప పుట్టినప్పుడు నాకు సాయంగా ఉందామని పటమట వచ్చింది. మళ్ళీ వెళ్తానన్నప్పుడల్లా నేనేదో ఒక వంక పెట్టి ఆపేస్తూ వచ్చాను, చివరికి ఆ మాట ఎత్తడమే మానేసింది. ఆవిడకు పిల్లలు లేరు. మామయ్య పోయి చాలాకాలమైంది. జాకెట్లకు హుక్కులు కుట్టి, చీరలకు ఫాల్ వేసి తన ఖర్చులు తాను చూసుకునేది. మా ఇంట్లో ఉంటూ నా చేత ఒక సబ్బు కూడా కొననిచ్చేది కాదు.

ఛానల్ పుట్టడానికి కారణం మా ఆయన. కరోనా రోజుల్లో ఆటోనగర్లో ఆయన స్పేర్ పార్టుల షాపుకు తాళం పడింది. ఇంట్లో కాలు నిలవక ఒక ఫోన్ స్టాండూ, గుండ్రంగా వెలిగే లైటూ తెప్పించి నన్ను వాటి ముందు నిలబెట్టాడు. తాళం తీశాక ఆయన షాపుకు వెళ్ళిపోయాడు, నేను లైటు ముందే ఉండిపోయాను. పాప లంచ్ బాక్సు, మేడ మీద కుండీల్లో గోంగూర, ఆదివారం రైతుబజారు, బీరువా సర్దుకోవడం, ఇవే నా వీడియోలు. వీటన్నిటినీ కలిపి లైఫ్‌స్టైల్ అంటారట. "మనింట్లో లైఫ్ ఉంది, ఆ రెండోది ఎక్కణ్ణించి తెస్తావో నేనూ చూస్తా" అనేవాడు మా ఆయన.

రోజూ పొద్దున పెట్టే చిన్న వీడియోలు అందరికీ ఉచితం. శనివారం మధ్యాహ్నం లైవ్ మాత్రం నెలనెలా కట్టి చేరిన మెంబర్లకే. ఏది అందరికీ, ఏది మెంబర్లకు అని మొదట్లో చాలా తికమకపడ్డాను. తర్వాత నాకు నేనే ఒక లెక్క పెట్టుకున్నాను. వరండాలో కూర్చోబెట్టి మంచినీళ్ళిచ్చి పంపేవాళ్ళకు చూపించేది ఉచితం, సరాసరి వంటింట్లోకి వచ్చి గట్టు మీద కూర్చునేవాళ్ళకు చూపించేది మెంబర్లకు. మెంబర్లు కూడా వంటింట్లోకి వచ్చిన చుట్టాల్లాగే ఉండేవారు. మీ బీరువా తెరవండి, మీ నగలు చూపించండి, మీ అత్తగారితో మీకు పడుతుందా లేదా చెప్పండి. డబ్బు కట్టామన్న ధీమా కొంత, చనువు కొంత. చిరాకు పడేదాన్ని కానీ, నిజం చెప్పాలంటే శనివారం ఎప్పుడొస్తుందా అని ఎదురుచూసేదాన్ని కూడా.

చేతుల సంగతి చెప్పాలంటే ముందు మా ఎండాకాలాల గురించి చెప్పాలి.

కూచిపూడికి పక్కనే మా ఊరు. ఎండాకాలం సెలవులు రాగానే నాన్నమ్మ ఇంటికి మనవరాళ్ళందరం చేరేవాళ్ళం. మాకు సెలవులంటే మామిడిపళ్ళు కాదు, పూలజడలు. మల్లెలు బాగా దిగే రోజుల్లో ఒక్కొక్కరికీ ఒక్కో రోజు వంతు. పొద్దున్నే తలంటు పోసి జుట్టు ఆరబెట్టేవారు. మధ్యాహ్నానికి పూలమ్మాయి బుట్ట దించి, సోలతో కొలిచి మొగ్గలు పోసేది. విచ్చుకున్నది ఒక్కటి ఉన్నా అత్త ఏరి పక్కన పడేసేది. అరటి బోదె పొరను జడ పొడవునా కోసి, దాని మీద మొగ్గలు వరసగా పేర్చి కుట్టేది. మధ్యలో కనకాంబరాల చార, అంచుల్లో మరువం, చివర జడకుప్పెలు. అప్పుడు ఆవిడ పుట్టింటికి వచ్చేది మా కోసమే అని నేననుకునేదాన్ని. మామయ్య కూడా వచ్చి వసారాలో పడక్కుర్చీలో పడుకుని, "మీ అత్త నాకు జడ వేస్తానంటే నేనూ జుట్టు పెంచేవాణ్ణి" అని మమ్మల్ని నవ్వించేవాడు.

అత్త జడ కడితే జారేది కాదు. కూచిపూడిలో డాన్సు పిల్లలు ఎంత గెంతినా జడ కదలకుండా ఎలా కడతారో దగ్గర కూర్చుని చూసి నేర్చుకుందట. జడ పెట్టాక సాయంత్రం పామర్రులో ఫొటో స్టూడియోకి ప్రయాణం. అక్కడ నిలువెత్తు అద్దం ఉండేది. దాని ముందు స్టూలు మీద కూర్చోబెట్టి మొహం ఇటు తిప్పమనేవాడు ఫొటోగ్రాఫరు. ఫొటోలో మొహం ముందూ, అద్దంలో జడ వెనకా రెండూ పడాలి. కృష్ణా జిల్లాలో నా ఈడు ఆడపిల్ల ఉన్న ఏ ఇంట్లో చూసినా అలాంటి ఫొటో ఒకటి ఉంటుంది. అందరం దాంట్లో ఏడుపు మొహాలతోనే ఉంటాం, ఎందుకంటే ఆ బరువుకి మెడ పీకేది. కదిలితే మొగ్గ రాలుతుందని అత్త ముందే బెదిరించి పంపేది. స్టూడియో నుంచి తిరిగొచ్చేసరికి జడ మీదే మొగ్గలు విచ్చుకుని, బస్సులో అందరూ మావైపే చూసేవారు. ఆ వాసన తలుచుకుంటే ఇప్పటికీ నాకు ఆ ఊరి బస్సే గుర్తొస్తుంది.

మామయ్య ఒక చలికాలంలో ఉన్నట్టుండి పోయాడు. అత్త శాశ్వతంగా పుట్టింటికి వచ్చేసింది. మరుసటి ఎండాకాలం మేం యథాప్రకారం తలంట్లు పోసుకుని, జుట్లు విరబోసుకుని వరసగా కూర్చున్నాం. పూలమ్మాయి వచ్చింది. నాన్నమ్మ గుమ్మంలోనే ఆపి, "ఈ ఏడు జడలొద్దులేమ్మా, ఎండలెక్కువగా ఉన్నాయి" అని పంపించేసింది. కిందటేడు మాత్రం ఎండల్లేవా అని నేనడిగితే అమ్మ నా తొడ మీద గిల్లింది. అత్త పెరట్లో బియ్యం కడుగుతోంది. ఎవరూ ఆవిణ్ణి ఒక్క మాట అనలేదు. పూల దగ్గరికి పిలవలేదంతే. ఆ తర్వాత ఆ ఇంట్లో పూలజడలు లేవు. నాకప్పుడు పదేళ్ళు ఉంటాయేమో. ఎందుకో అర్థమయ్యేసరికి ఇంకో పదేళ్ళు పట్టింది. అర్థమైననాడు వచ్చిన కోపం ఇప్పటికీ పూర్తిగా తగ్గలేదు.

అందుకే మా పాప స్కూల్లో ఏదో వేడుకకి పూలజడ కావాలని పేచీ పెట్టినప్పుడు నేను అత్తను అడగలేదు. అడిగి ఆవిణ్ణి ఇబ్బంది పెట్టడమెందుకని బజార్లో రెడీమేడ్ జడ కొనుక్కొచ్చాను. వలగుడ్డ మీద గమ్ముతో అంటించి, ప్లాస్టిక్ కవర్లో పెట్టి అమ్ముతారు. అత్త దాన్ని అటూ ఇటూ తిప్పి చూసింది. సగం మొగ్గలు అప్పటికే వాడిపోయి చేతిలోకి ఊడొచ్చాయి.

"దీన్ని పిల్ల నెత్తిన పెడతావా?" అంది. "పో, మార్కెట్టుకి పోయి మైలవరం మల్లెమొగ్గలు పట్రా. ఆ సూదిదారం ఇట్టా పడేసి పో."

నేను స్కూటీ మీద ఎలా వెళ్ళానో ఎలా వచ్చానో తెలియదు. తిరిగొచ్చాక మొగ్గ పాడవకుండా ఫ్యాన్ కట్టేయించి, ఆ ఉక్కలో నేల మీద చాప వేసుకుని కూర్చుంది. మొదటి వరస వేసేటప్పుడు వేళ్ళు కొంచెం తడబడ్డాయి. రెండో వరసకి మా చిన్నప్పటి అత్త వచ్చేసింది. నేను పక్కన ఫోన్ పెట్టి ఆ చేతుల్ని తీశాను. మర్నాడు పొద్దున ఉచిత వీడియోగా పెట్టాను. అంతకుముందు నేను ముస్తాబై, నవ్వి, గుక్క తిప్పుకోకుండా మాట్లాడి పెట్టిన వీడియోలన్నీ కలిపి చూసినవాళ్ళకంటే ఆ మాటల్లేని చేతుల్ని చూసినవాళ్ళే ఎక్కువ. నాకు కొంచెం మండిందని కూడా చెప్పాలి.

పెట్టనిచ్చేముందు అత్త ఒకటే షరతు పెట్టింది. "చేతులు చూపించుకో. మొహం మాత్రం వద్దు."

"ఎందుకత్తా?"

"పూలజడంటే శుభకార్యానికి చేయించుకునేదే. చూసేవాళ్ళకి మనసులో ఏదో ఒకటి ఉంటది. వాళ్ళ శుభం మధ్యలో నా మొహం దేనికే?"

నాకు ఒళ్ళు మండిపోయింది. ఈ కాలంలో ఇవన్నీ ఎవరు పట్టించుకుంటున్నారని పోట్లాడాను. ఆవిడ నవ్వి ఊరుకుంది. ఎవరు పట్టించుకుంటున్నారో నాలుగు రోజుల్లోనే కామెంట్లలో తెలిసిపోయింది. అత్త చేతికి మామయ్య చేయించిన సన్నటి బంగారు గాజు ఒక్కటే ఉండేది. "అమ్మా, పూలు ముట్టుకునేటప్పుడు మట్టిగాజులు వేసుకోండి, చేతులు బోసిగా ఉండకూడదు" అని ఒకావిడ రాసింది. దాని కింద అవునవునంటూ ఇంకొందరు. నేను చెరిపేసేలోపే అత్త చదివేసింది. మర్నాడు ఫోన్ పెట్టబోతుంటే, "వేళ్ళ వరకే తియ్యవే" అంది.

అలా వేళ్ళ వరకే తీసిన వీడియోలతోనే మా శనివారాలు మొదలయ్యాయి. మెంబర్ల లైవ్‌లో జడ ఎలా కుట్టాలో మొదటి నుంచి చివరిదాకా చూపించేవాళ్ళం. నేనూ పాపా ఫోన్‌కు ముందు. అత్త వేళ్ళు ఒక్క కుట్టు చూపించి పక్కకు తప్పుకునేవి, తర్వాత ఆవిడ ఫోన్ వెనకాల నిలబడి తెర మీద వచ్చే మాటలు చదివి నాకు వినిపించేది. ఆ చదవడం ఒక అందం. "గుంటూరు నుంచి అమ్మాయి నమస్తే అంటుంది. ఏమ్మా, నీకు జ్వరం తగ్గిందా? ఈవిడెవరో బెంగుళూరంట, అక్కడ మొగ్గలు దొరకవంట. దొరక్కపోతే ఏం చేస్తావమ్మా, నందివర్ధనాలతో వేసుకో." రాసినదానికీ తాను అనేదానికీ మధ్య గీత ఉండేది కాదు. ఎవరూ తమ ఇంటి పేరుగానీ ఊరుగానీ నాకు చెప్పకపోయినా అత్తకు చెప్పేవారు. పిన్నిగారని వాళ్ళే పిలుపు పెట్టారు. పిన్నిగారి గొంతు వినబడకపోతే లైవ్ మొదలైనట్టే కాదు. నా ఛానల్లో నేను అత్త జడలకు స్టూలు లాగా తయారయ్యాను, కానీ ఆ రోజులంత హాయిగా నేనెప్పుడూ పని చేయలేదు. ఫ్యాన్ తిరగని ఆ గది, తడిగుడ్డ కింద మొగ్గల పళ్ళెం, చెమటలు కారుతూ మేం ముగ్గురం. అవే ఇప్పుడు తలుచుకుంటుంటాను.

పెళ్ళిళ్ళకు జడలు కావాలని అడిగేవాళ్ళు మొదలయ్యారు. అత్త కుట్టి, అరటాకులో చుట్టి, తడిగుడ్డ కప్పి ఇచ్చేది. మా ఆయన బండి మీద తీసుకెళ్ళి ఇచ్చొచ్చేవాడు. ఏ పెళ్ళింటికీ అత్త వెళ్ళలేదు. ఏ పెళ్ళికూతురూ ఆవిణ్ణి చూడలేదు.

కంకిపాడు నుంచి ఒకావిడ మాత్రం వదల్లేదు. కూతురి పెళ్ళి. జడ కోసమే మెంబరుగా చేరి, ప్రతి శనివారం లైవ్‌లో ఉండేది, మధ్యలో ఫోన్ చేసి అత్తతో గంటలు గంటలు మాట్లాడేది. "జడ పంపించడం కాదు పిన్నిగారూ, మీరే స్వయంగా వచ్చి మా అమ్మాయి తలకు పెట్టాలి. కారు పంపిస్తాం." అత్త ప్రతిసారీ "చూద్దాంలేమ్మా" అనేది. ఒకరోజు ట్రంకు పెట్టెలోంచి బిస్కెట్టు రంగు పట్టుచీర తీసి ఎండలో వేసింది. ఎందుకని నేనడగలేదు. ఆవిడకు వెళ్ళాలని ఉంది. చెప్పకుండా వెళ్తే మోసం చేసినట్టు, చెబితే పిలుపే ఉండదేమో. ఈ రెంటి మధ్య ఆవిడ నలిగిపోతోందని ఇంట్లో అందరికీ తెలుసు.

పెళ్ళికి రెండు వారాల ముందు శనివారం ఆ పెళ్ళికూతురి తల్లే లైవ్‌లో అడిగింది. జడ ఒక్కటీ చూస్తే ఏం తెలుస్తుంది, మొహం, జడ కలిపి ఎలా ఉంటాయో ఒకసారి చూపించమని. నాకు వెంటనే పామర్రు స్టూడియో గుర్తొచ్చింది. నా తెలివికి నేనే మురిసిపోయి, పాపను తీసుకెళ్ళి బీరువా ముందు కూర్చోబెట్టాను. బీరువాకు నిలువుటద్దం. మొహం ఫోన్ వైపు, జడ అద్దం వైపు. స్టూడియోలో ఫొటోగ్రాఫరు అద్దాన్ని కాస్త వాలుగా పెట్టుకునేవాడు, తాను అందులో పడకుండా. బీరువాను వాలుగా ఎవరు పెడతారు? ఆ ఆలోచనే నాకు రాలేదు.

పాప పక్కన కూర్చుని నేను జడ గురించి తెగ చెబుతున్నాను. కాసేపటికి అత్త గొంతు ఆగిపోయింది. "ఏమంటున్నారత్తా, చదువు" అన్నాను. తలెత్తి చూశాను. ఫోన్ వెనకాల అత్త తెర వంక అలాగే చూస్తూ నిలబడి ఉంది. తర్వాత, రోజూ చదివినట్టే చదివింది.

"అద్దంలో కనబడే ఆవిడ ఎవరని అడుగుతున్నారు."

నేను వెనక్కి తిరిగాను. అద్దంలో అత్త నిలువునా ఉంది. తెల్లజుట్టు, నేతచీర, బొట్టులేని నుదురు. మెంబర్లందరూ చూస్తున్నది జడను కాదు. అత్త పక్కకు తప్పుకోవచ్చు, ఒక్క అడుగు వేస్తే చాలు. వేయలేదు. తర్వాతి మాట కూడా చదివింది. "పూలు కుట్టేది ఆవిడేనా అంటున్నారు."

"అవునండీ, మా మేనత్త" అన్నాను నేను. ఇంకేదో రెండు మాటలు చెప్పి లైవ్ ఆపేశాను. అత్త పాప జడ విప్పడానికి కూర్చుంది. పిల్లకు నొప్పి కలగకుండా ఒక్కో దారం తెంపుతూ, అవసరమైనదానికంటే చాలా నెమ్మదిగా విప్పింది.

ఆదివారం పొద్దున్నే కంకిపాడు నుంచి ఫోన్ వచ్చింది. నేను ఎత్తి స్పీకర్లో పెట్టాను, అత్త కూరగాయలు తరుగుతోంది కాబట్టి.

"మాకైతే ఏ పట్టింపూ లేదండీ" అని మొదలుపెట్టింది ఆవిడ. ఆ మాటతో మొదలైన ఫోన్ ఎలా ముగుస్తుందో నాకు అప్పుడే అర్థమైంది. "పెళ్ళికొడుకు నాయనమ్మగారు ఉన్నారు చూశారూ, పాతకాలం మనిషి. తెలిస్తే బాగోదు. జడ ఇక్కడ బ్యూటీపార్లర్ అమ్మాయికి చెప్పేశామండీ. మీరేమీ అనుకోవద్దు. పిన్నిగారికి మీరే నెమ్మదిగా చెప్పండి."

నేను నోరు తెరిచేలోపు అత్త ఫోన్ అందుకుంది. "నేను వింటున్నానమ్మా. పర్లేదు, పెళ్ళి బాగా జరగాలి. ఆ అమ్మాయికి చెప్పు, మొగ్గల మీద నీళ్ళు చల్లొద్దని. తడిగుడ్డ కప్పి ఉంచితే చాలు, నీళ్ళు చల్లితే మచ్చలు పడతాయి." అని పెట్టేసి, మళ్ళీ బెండకాయలు తరుక్కుంది.

నాకు ఏడుపొచ్చింది. దానికంటే ముందు కోపమొచ్చింది. ఆవిడ నంబరుకు మళ్ళీ ఫోన్ చేసి కడిగి పారేస్తానన్నాను. "పెళ్ళి పెట్టుకున్న ఇంటికి ఫోన్ చేసి అరుస్తావా? ఊరుకో" అంది అత్త. శుక్రవారం మా ఆయన, "పిన్నిగారూ, రేపటికి మొగ్గలు తెమ్మంటారా?" అని అడిగితే, "వద్దులే బాబూ, ఇక చాలు" అంది. బిస్కెట్టు రంగు చీర మళ్ళీ పెట్టెలోకి వెళ్ళిపోయింది. ఆ శనివారం లైవ్ లేదు. పిన్నిగారు ఎలా ఉన్నారని మెంబర్లు అడుగుతూనే ఉన్నారు. చిన్నప్పుడు పెరట్లో బియ్యం కడుగుతూ కూర్చున్న మనిషిని ఇన్నేళ్ళకు మళ్ళీ పూల దగ్గరికి తెచ్చింది నేనూ నా ఫోనూ, మళ్ళీ పెరట్లోకి పంపింది కూడా మేమే అనిపించేది.

కొన్ని రోజులకు ఒక మధ్యాహ్నం ఫాల్ కుడుతూ అడిగింది. "ఆ రోజు వీడియో ఉందా, తీసేశావా?"

"ఉంది. మెంబర్లకే కనబడుతుంది. తీసేద్దామనే అనుకుంటున్నా."

"ఏదీ, చూపించు."

కళ్ళజోడు పెట్టుకుని మొత్తం చూసింది. అద్దంలో తాను కనబడే చోట ఆపమంది. "నా జుట్టు ఇంత తెల్లబడిందేంటే" అంది. ఇంకాసేపు చూసింది. జడ వరసలు సరిగ్గా ఉన్నాయో లేదో చూసిందని తర్వాత చెప్పింది.

"దీన్ని తీసెయ్యొద్దు" అంది. "అందరికీ పెట్టు."

"అందరికీనా? మళ్ళీ ఏమేం రాస్తారో తెలుసా?"

"తెలీకుండా పిలిచి, తెలిశాక వద్దనేకంటే, ముందే తెలిసి పిలవకపోతే పోయేదేముంది? నేను దాక్కుంటే వాళ్ళ తప్పు కూడా కాదు. నువ్వు రాయి, నేను చెబుతా."

నేను ఫోన్ పట్టుకుని కూర్చున్నాను. ఆవిడ చెప్పింది. పూలజడలు కుట్టేది నేను. నాకు భర్త లేరు. ఇష్టమున్నవాళ్ళు పిలవండి. అంతే. నేను కాస్త మెత్తగా మార్చబోతే ఒప్పుకోలేదు. ముందూ వెనకా ఏమీ కలపకుండా, ఆ మూడు ముక్కలే వీడియో కింద పెట్టి అందరికీ తెరిచేశాను.

మెంబర్లలో కొందరు అలిగారు. మేం నెలనెలా కట్టి చూసేది ఊరందరికీ పెడితే ఇంక మా ప్రత్యేకత ఏముందండీ అని ఒకావిడ పెద్ద వ్యాసం రాసింది. అత్త మొహం ఆవిడకు ప్రత్యేకంగా అమ్మినట్టు. నాకు నవ్వాలో తిట్టాలో తెలియక ఊరుకున్నాను. మిగతావాళ్ళు మాత్రం మెచ్చుకున్నారు. చాలా ఎక్కువమంది మెచ్చుకున్నారు. మీరు గ్రేట్ అమ్మా, మీకు పాదాభివందనం, కళ్ళు చెమర్చాయి. పువ్వులూ, దండాలూ, ఎర్ర గుండెకాయలూ తెర నిండా. అత్త సాయంత్రం కూర్చుని అన్నీ చదివేది. తర్వాత అడిగేది, "ఫోనేమన్నా వచ్చిందా?"

రాలేదు. మెచ్చుకున్నవాళ్ళల్లో ఒక్కరు కూడా మా అమ్మాయికి జడ కుట్టండి అనలేదు. అన్ని దండాలు పెట్టినవాళ్ళు ఒక్క జడ అడగలేకపోయారు. కంకిపాడు పెళ్ళి జరిగిపోయింది. ఆ జడ ఫొటో ఆవిడ నాకు పంపించింది కూడా. మొగ్గల మీద మచ్చలున్నాయి. నేను అత్తకు చూపించలేదు. వైశాఖం దాటిపోయింది, మార్కెట్లో మల్లెలు తగ్గుముఖం పట్టాయి. కొన్నాళ్ళకు అత్త ఫోన్ సంగతి అడగడం కూడా మానేసింది. అడుగుతున్నన్నాళ్ళూ విసుక్కున్నాను, మానేశాక ఆ ప్రశ్న కోసం చెవులు రిక్కించేదాన్ని.

ఒకరోజు పదకొండు గంటలప్పుడు ఉయ్యూరు నుంచి ఫోన్ వచ్చింది. కొత్త గొంతు. వీడియోలో అద్దంలో ఉన్నావిడ ఇంట్లో ఉన్నారా అని అడిగింది. అత్త చేతిలో చీర, ఒళ్ళో దారపుండ. స్పీకర్లో పెట్టి ఆవిడ ముందు ఉంచాను.

"మా అమ్మాయి పెళ్ళండీ, జ్యేష్ఠం ఆఖర్లో ముహూర్తం. మీరు వచ్చి పూలజడ కుట్టాలి."

"మొగ్గలు దొరకడం కష్టం, అయినా చూద్దాం" అంది అత్త. గొంతులో ఏమీ తెలియనివ్వలేదు గానీ, చేతిలో సూది పక్కన పెట్టేసింది. "వీడియో కింద రాసింది చదివావా అమ్మా?"

"చదివానండీ. చదివే చేస్తున్నా." "ఒక్క మాట అడుగుతానండీ, మీరేమీ అనుకోకపోతే."

"అడుగమ్మా."

"నాకు కూడా మావారు లేరండీ. రెండేళ్ళయింది. అమ్మాయిని ముస్తాబు చేసేటప్పుడు నువ్వు ఆ గదిలోకి రావొద్దని మా తోడికోడళ్ళు ఇప్పట్నుంచే చెబుతున్నారు. మీరు వచ్చి కుడుతుంటే, ఆవిడ ఉన్నప్పుడు నేనెందుకు ఉండకూడదని అడగొచ్చు కదండీ. నేను దేనికీ అడ్డం రాను. ఊరికే మీ పక్కన కూర్చోవచ్చా?"

నేను అత్త వైపు చూడలేకపోయాను. పాప హోంవర్కు పుస్తకం వైపు చూస్తూ ఉండిపోయాను.

"సూది పట్టుకోవడం వచ్చా నీకు?" అని అడిగింది అత్త.

"వచ్చండీ. వాళ్ళ నాన్న పోయేదాకా ప్రతి ఎండాకాలం దానికి నేనే కుట్టేదాన్ని."

"అయితే ఆ జడ నువ్వే కుట్టు" అంది అత్త. "నేను పక్కన కూర్చుంటా."